మాటలు ఆగిపోయిన అయినవాళ్ళతో మళ్ళీ మాట కలపడం ఎలా?

"మా చెల్లెలు ఏడాదిగా మాట్లాడటం లేదు, కారణం తెలీదు." "వదిన ముభావంగా ఉంటోంది, అడిగితే ఏం లేదంటోంది." "బావగారు ఫోన్ ఎత్తడం లేదు, నేనేం చేశాను?" పాఠకులు తిప్పి తిప్పి అడిగేవి ఇవే. పేర్లు మారతాయి, వరసలు మారతాయి, లోపల జరిగేది ఒకటే. ఒకళ్ళు ఏదో చేశారు లేదా చేయలేదు. రెండోవాళ్ళు దానికి ఇంకో అర్థం తీసుకున్నారు. అడగలేదు. మనసులో పెట్టుకున్నారు. ఒక్కొక్కరికీ విడిగా జవాబిచ్చే బదులు ఏం చేయాలో వరసగా ఇక్కడ రాస్తున్నాను.

ఇలాంటి ప్రయత్నాలు చెడేది ఎక్కువగా వరస తప్పడం వల్లే. ఏం జరిగిందన్నది ఇద్దరి మధ్యా తేలకముందే "నా ఉద్దేశం అది కాదు" అని మొదలుపెడతారు. అవతలివాళ్ళు ఇంకా తమకు తగిలిన దెబ్బ దగ్గరే ఉంటారు, మీ ఉద్దేశం వాళ్ళ చెవికెక్కదు. అందుకే కింద చెప్పిన మెట్లు అదే వరసలో ఎక్కండి.

ఉదాహరణకి ఒక కుటుంబాన్ని ఊహించుకుందాం. అన్న హైదరాబాదులో ఇల్లు కట్టుకున్నాడు. చెల్లెలు నరసరావుపేటలో ఉంటుంది. అన్న ఫోన్ చేసి, "శుభలేఖ వాట్సాప్‌లో పెట్టాను చూసుకో, అందరూ రండి" అన్నాడు. వదిన విడిగా పిలవలేదు. మన దగ్గర చాలా ఇళ్ళల్లో గృహప్రవేశానికి పాలు పొంగించేది ఆడపడుచే. అది వేరే చెప్పాల్సిన విషయమని అన్నకి తట్టలేదు. చెల్లెలు ఉండగా ఇంకెవరు పొంగిస్తారు? చెల్లెలేమో ఆ ఒక్క మాట కోసమే ఎదురుచూసింది. రాలేదు. పిల్లాడికి పరీక్షలని చెప్పి ఆగిపోయింది. ముహూర్తం దాటిపోతోందని మేనత్త చేత పాలు పొంగించారు. ఆ ఫొటో వదిన స్టేటస్‌లో కనబడింది. అప్పట్నుంచీ మాటల్లేవు. చివరిదాకా వీళ్ళిద్దరినే పట్టుకుని నడుద్దాం.

ముందు తేల్చుకోండి: ఇది అపార్థమేనా?

అవతలివాళ్ళు తెలిసి చేసిన పనిని అపార్థం అనుకుని సర్దుకుపోవద్దు. కట్నం కోసం వేధించడం, చెయ్యి చేసుకోవడం, జీతం లాక్కోవడం, పెద్దవాళ్ళని ఇంట్లోంచి వెళ్ళగొట్టడం, చూపించకుండా కాగితాల మీద సంతకాలు పెట్టించుకోవడం, ఇవేవీ మాట కలిపితే పోయేవి కావు. ప్రాణభయం ఉంటే 112, మహిళలకి సాయం కావాలంటే 181, వృద్ధులకి 14567, ఉచిత న్యాయసహాయానికి 15100. ఈ వ్యాసం అక్కడితో పక్కన పెట్టేయండి.

మిగిలిన సందర్భాలకి ఒక్క ప్రశ్న చాలు: "నేను బాధపడతానని తెలిస్తే కూడా వాళ్ళు ఆ పని చేసేవాళ్ళా?" చేసేవాళ్ళు కాదు అనిపిస్తే, లేదా చెప్పలేం అనిపించినా, ముందుకి వెళ్ళండి.

కావలసినవి

- ఒక తెల్లకాగితం, పెన్ను. ఫోన్‌లో రాయొద్దు, పొరపాటున ఎవరికో వెళ్ళిపోతుంది.
- ఎవరూ లేని ఒక అరగంట.
- ఆ రోజుల్లో వచ్చిన మెసేజ్‌లు, కాల్ వివరాలు.
- అవతలివాళ్ళు ఏ వేళ ఖాళీగా ఉంటారో తెలిసి ఉండటం.
- మీ మీద వచ్చే నిష్ఠూరం పదినిమిషాలు నోరు మెదపకుండా వినగలిగే ఓపిక. ఇది లేకపోతే ఈరోజు మొదలుపెట్టకండి, రేపు చూసుకోవచ్చు.

1. జరిగింది ఒకవైపు, అనుకున్నది ఒకవైపు రాయండి

కాగితం మధ్యలో గీత గీయండి. ఎడమవైపు మీ కంటితో చూసింది, మీ చెవితో విన్నది మాత్రమే. కుడివైపు దానికి మీరు తీసుకున్న అర్థం. చెల్లెలి కాగితం ఇలా ఉంటుంది.

ఎడమవైపు: "శుభలేఖ వాట్సాప్‌లో వచ్చింది. అన్నయ్య ఫోన్ చేశాడు. వదిన చేయలేదు. పాలు పొంగించమని ఎవరూ అనలేదు. అత్తయ్య పొంగిస్తున్న ఫొటో చూశాను."

కుడివైపు: "వదినకి నేను రావడం ఇష్టం లేదు. అత్తయ్యతో ముందే మాట్లాడి పెట్టుకున్నారు. నాన్న పోయాక నన్ను లెక్కలోంచి తీసేశారు."

మీ కోపం ఎడమవైపు లేదని, మొత్తం కుడివైపే ఉందని కాగితం చూస్తే తెలుస్తుంది. ఇక ఎడమవైపు "అందట", "అన్నాడట", "అనుకుంటున్నారట" అని ముగిసే వాక్యాలుంటే అన్నీ కొట్టేయండి. అవి మీరు విన్నవి కావు, మీకు మోసుకొచ్చినవి.

జాగ్రత్త: ఈ కాగితం మీకోసమే. పని అయ్యాక చింపేయండి. దిండు కింద దొరికిన ఇలాంటి కాగితం రెండో గొడవకి మొదటి సాక్ష్యం అవుతుంది.

2. కుడివైపు ప్రతి వాక్యానికీ ఇంకో కారణం వెతకండి

ప్రతి అనుమానానికీ ఎదురుగా, వాళ్ళ తప్పు లేని కారణం ఒక్కటైనా రాయండి. నమ్మక్కర్లేదు, రాస్తే చాలు. "వదిన ఫోన్ చేయలేదు" అన్నదానికి: మేస్త్రీలు, వంటవాళ్ళు, పురోహితుడి చుట్టూ తిరుగుతూ తీరిక లేకపోవచ్చు. అన్నయ్య చేశాడుగా సరిపోతుందనుకుని ఉండొచ్చు. పుట్టింటివాళ్ళని నేను పిలుస్తాను, మీ వాళ్ళని మీరు పిలవండి అని ఆలుమగలు పంచుకుని ఉండొచ్చు. ఈ మూడోది ఈమధ్య చాలా ఇళ్ళల్లో జరుగుతోంది. ఆడపడుచులు దాన్ని అవమానంగానే తీసుకుంటున్నారు.

ఫోన్ వల్ల వచ్చిన అనుమానాలకి కాస్త ఎక్కువ ఆగాలి, ఎందుకంటే ఇప్పటి అలకల్లో సగానికి పునాది అక్కడే పడుతోందని నా అభిప్రాయం. వాట్సాప్‌లో ఒక బూడిద టిక్కు అంటే మీరు పంపింది ఇంకా వాళ్ళ ఫోన్‌కి చేరలేదు. రెండు బూడిద టిక్కులు అంటే చేరింది. నీలం అయితే చాట్ తెరిచారు. తెరవడమూ చదవడమూ ఒకటి కాదు, వేలు తగిలినా తెరుచుకుంటుంది. నీలం టిక్కులు చూపించకుండా పెట్టుకున్నవాళ్ళు చదివినా మీకు బూడిదరంగే కనిపిస్తుంది. ఆ సదుపాయం గ్రూపుల్లో పనిచేయదు, కాబట్టి "గ్రూపులో చూస్తుంది, నాది చూడదు" అన్న అనుమానానికి కారణం కేవలం ఆ సెట్టింగే కావచ్చు. ఆర్కైవ్‌లోకి వెళ్ళిపోయిన చాట్ కొత్త మెసేజ్ వచ్చినా మామూలుగా పైకి రాదు. "ఈ మెసేజ్ డిలీట్ చేశారు" అని కనబడితే మిమ్మల్ని తిట్టి తీసేశారని ఊహించుకోకండి, చాలాసార్లు అది వేరేవాళ్ళకి పంపబోయి మీకు పంపిన పాలబిల్లు.

3. మోసేవాళ్ళని ఆపండి

మీ ఇద్దరి మధ్యా మాటలు అటూ ఇటూ చేరవేసేవాళ్ళు ఒకరో ఇద్దరో ఉంటారు. అందరూ చెడ్డవాళ్ళేం కాదు. అమ్మే కావచ్చు, బాధ తట్టుకోలేక చెబుతుంది. కానీ "వదిన కొంచెం విసుక్కుంది" అన్నమాట నరసరావుపేట చేరేసరికి "వదిన మండిపడింది" అవుతుంది.

వాళ్ళకి ఇలా చెప్పండి: "అమ్మా, నేనే దానితో మాట్లాడతాను. అప్పటిదాకా దాని సంగతులు నాకు చెప్పకు, నావి దానికి చెప్పకు." అంతకు మించి వివరించకండి. మీరు మాట్లాడబోతున్నారన్న కబురు కూడా ముందే చేరకూడదు. చేరితే అవతలివాళ్ళు జవాబులు తయారుచేసుకుని కూర్చుంటారు.

4. వేళ, చోటు చూసుకోండి

ఎదురుగా కూర్చోవడం అన్నిటికన్నా మంచిది. కుదరకపోతే ఫోన్. అదీ కుదరకపోతే వాయిస్ మెసేజ్. రాతలో పంపడం ఆఖరి దారి. 2005లో జస్టిన్ క్రూగర్, నికొలస్ ఎప్లీ మరికొందరితో కలిసి చేసిన పరిశోధనలో, ఈమెయిల్‌లో తాము రాసింది వెటకారమో నిజమో చదివేవాళ్ళు ఇట్టే పట్టుకుంటారని రాసినవాళ్ళు నమ్మారు. చదివినవాళ్ళు మాత్రం బొమ్మా బొరుసూ వేసినదానికంటే పెద్దగా మెరుగ్గా చెప్పలేకపోయారు. అవే మాటలు గొంతులో విన్నవాళ్ళు చాలా ఎక్కువసార్లు సరిగ్గా పట్టుకున్నారు. "సరేలే" అన్న ఒక్క మాట మీ ఇంట్లో ఎన్ని రకాలుగా అంటారో గుర్తు తెచ్చుకుంటే ఇది నమ్మడానికి పరిశోధన కూడా అక్కర్లేదు.

మాట్లాడకూడని వేళలు: పెళ్ళిళ్ళు, తద్దినాలు, ఇంటినిండా చుట్టాలున్న పండగ రోజు, భోజనానికి ముందు, మందు తాగాక, పిల్లల పరీక్షల వారం.

అవతలివాళ్ళు అమెరికాలో ఉంటే టైము లెక్క ముందే చూసుకోండి. న్యూజెర్సీకి మనకీ తేడా వేసవిలో 9½ గంటలు, చలికాలంలో 10½. కాలిఫోర్నియాకి వేసవిలో 12½, చలికాలంలో 13½. మార్చిలో, నవంబరులో వాళ్ళు గడియారాలు మార్చుకుంటారు. మనకి రాత్రి 9 అంటే న్యూజెర్సీలో వాళ్ళు ఆఫీసు పనిలో మునిగి ఉండే సమయం. "ముక్తసరిగా రెండు ముక్కలు మాట్లాడి పెట్టేశాడు" అన్న ఫిర్యాదుకి చాలాసార్లు ఇదే మూలం. మనకి ఆదివారం రాత్రి ఏడున్నర అయితే రెండు తీరాల్లోనూ ఆదివారం పొద్దున్నే, సెలవు రోజు. దానికి కట్టుబడండి. కాలిఫోర్నియాలో అది ఆరు, ఏడు గంటల వేళ కాబట్టి, అక్కడివాళ్ళయితే ఇంకో గంట, గంటన్నర ఆగి చేయండి.

మరి ముందు ఎవరు చేయాలి? "చిన్నవాళ్ళే తగ్గాలి", "తప్పు ఎవరిదో వాళ్ళే చేయాలి" అని పట్టుబడితే ఎన్నేళ్ళైనా ఫోన్ మోగదు. ఈ వ్యాసం ఇంతదాకా చదివినవాళ్ళెవరో వాళ్ళే చేయాలి.

5. మొదటి మూడు వాక్యాలు ముందే అనుకుని వెళ్ళండి

నేను చూసింది ఇది, నాకు అనిపించింది ఇది, నీ మాట ఏంటో చెప్పు. ఈ మూడే. వాతావరణం గురించి, ధరల గురించి పావుగంట మాట్లాడి మెల్లగా విషయంలోకి దింపుదామనుకోకండి. మీరెందుకు చేశారో వాళ్ళకి మొదటి "హలో"లోనే తెలిసిపోతుంది.

మీ వరసకి తగ్గట్టు మార్చుకోండి.

చెల్లెలు అన్నతో: "అన్నయ్యా, పాలు పొంగించడానికి రమ్మని నువ్వు నాతో అంటావనుకున్నాను. అనలేదు. నా అవసరం లేదేమో అనుకుని ఆగిపోయాను. అసలు నువ్వేమనుకున్నావో అడుగుదామని చేశాను."

అన్న చెల్లెలితో, కారణం తెలియనప్పుడు: "బుజ్జీ, గృహప్రవేశం అయినప్పట్నుంచీ నువ్వు ఫోన్ చేయలేదు. దసరాకి రమ్మన్నా రాలేదు. నావల్ల ఏదో జరిగింది, అదేంటో నాకు అందట్లేదు. తిట్టాలనుంటే తిట్టు, కానీ చెప్పు."

పెద్దవాళ్ళతో: "బాబాయ్, మొన్న మా ఇంట్లో మీరు భోంచేయకుండానే వెళ్ళిపోయారు. నా మాటేదైనా మిమ్మల్ని నొప్పించిందా? చెబితే దిద్దుకుంటాను." పెద్దవాళ్ళ దగ్గర మీకు అనిపించింది చెప్పడం ఎదురుతిరిగినట్టు వినబడుతుంది, అందుకే మధ్య వాక్యం వదిలేశాను.

తోడికోడలితో: "అక్కా, అత్తయ్యగారి మందుల డబ్బు సంగతి నేను అడిగినప్పటినుంచీ నువ్వు సరిగ్గా మాట్లాడటం లేదు. నేను లెక్క అడిగాననుకున్నావేమోనని నాకు అనుమానం. నీకెలా వినబడిందో చెప్పు."

భర్తతో: "నిన్న అందరి ముందూ కూర బాలేదన్నారు. నన్ను తక్కువ చేయడానికే అన్నారనిపించింది. అంతేనా, ఊరికే అన్నారా?"

"నువ్వెప్పుడూ ఇంతే", "అందరూ అదే అనుకుంటున్నారు", "నీ సంగతి తెలిసిందేగా" అన్న మాటలు నోట్లోకి వస్తే మింగేయండి. మొదటిది పాత పద్దులన్నీ తిరగదోడుతుంది. రెండోది ఆ "అందరూ" ఎవరన్న కొత్త గొడవ తెస్తుంది. మూడోదాని తర్వాత మాట్లాడటానికి ఇంకేం మిగలదు.

6. వినండి. జవాబివ్వకండి

అన్నిటికన్నా కష్టమైన మెట్టు ఇదే, ఎక్కువమంది జారేదీ ఇక్కడే. వాళ్ళు చెప్పేదాంట్లో మూడోవంతు మీకు అబద్ధంగా తోస్తుంది. దిద్దాలని నాలుక దురద పెడుతుంది. దిద్దకండి. చెప్పడం అయిపోయాక వాళ్ళు చెప్పిందే మీ మాటల్లో తిరిగి చెప్పి, "అంతేనా?" అని అడగండి. "అంతే" అన్నమాట వచ్చేదాకా ఈ మెట్టు దాటొద్దు.

మన అన్నాచెల్లెళ్ళ సంగతికి వద్దాం. అన్న వింటూ పోతే కాసేపటికి పాలగిన్నె పక్కకి పోతుంది. "నాన్న ఉంటే నాకు ముందు ఫోన్ వచ్చేది. నాన్న పోయాక నీ ఇల్లే కదా నాకు పుట్టిల్లు. అందులో మొదటిరోజే నాకు చోటు లేకపోతే..." అని ఆగుతుంది. గృహప్రవేశం పైకి కనబడిన సంగతి మాత్రమే, అడుగున ఉన్నది ఇది. అన్న మధ్యలో "నేను ఫోన్ చేశాను కదే, శుభలేఖ కూడా పంపాను కదా" అని ఉంటే ఈ మాట బయటికి వచ్చేదే కాదు.

ఒక్కోసారి అడుగున ఉండేది ఆస్తి. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో 1986 నాటి చట్టంతో మొదలై, 2005లో దేశమంతటా హిందూ కుటుంబాల కూతుళ్ళకి పిత్రార్జితంలో కొడుకులతో సమాన హక్కు వచ్చింది. చాలా ఇళ్ళల్లో మాత్రం అది నోరెత్తి అడిగే విషయంగా ఇంకా మారలేదు, కాబట్టి అలకగా బయటపడుతుంది. అలాంటిది తేలితే ఆ రోజే పరిష్కరించబోకండి. "అది విడిగా కూర్చుని మాట్లాడుకుందాం, ఫలానా రోజు" అని తేదీ చెప్పండి. చెప్పిన తేదీకి కూర్చోండి. చీరపెట్టి పంపేసి వాటా సంగతి మరిచిపోతే తర్వాత వచ్చేది అపార్థం కాదు, లాయరు నోటీసు.

7. మీ వంతు ఒప్పుకోండి, చుక్క పెట్టేయండి

"నీకలా అనిపించి ఉంటే సారీ" అనకండి. తప్పుని అలా అనిపించినవాళ్ళ మీదకే తోసినట్టుంటుంది. "పాలు పొంగించమని నీకు నేను నోటితో చెప్పలేదు. చెప్పి ఉండాల్సింది. తప్పు నాదే." అక్కడ ఆగండి. "కానీ" అన్న మాట రానివ్వకండి, దాని వెనకాల వచ్చేది అంతకు ముందు చెప్పినదాన్ని తుడిచేస్తుంది.

మీ ఉద్దేశం చెప్పుకోవడానికీ వేళ వస్తుంది. "మరి ఎందుకు చెప్పలేదు?" అని వాళ్ళే అడుగుతారు. అప్పుడు చెప్పండి, అప్పుడే అది వినబడుతుంది.

చేయని తప్పు ఒప్పుకోవద్దు. గొడవ సర్దుబాటు కావాలని "అంతా నాదే తప్పు" అని మొత్తం నెత్తిన వేసుకునేవాళ్ళుంటారు. ఆర్నెల్లలో ఆ బరువు కోపంగా బయటికొస్తుంది.

8. మళ్ళీ రాకుండా ఒక్క ఏర్పాటు చేసుకోండి

ఒక్కటి చాలు, పెద్ద ఒప్పందాలు నిలబడవు. పిలుపుల దగ్గర వచ్చిన అలకలకి ఇవి పనిచేస్తాయి. వాట్సాప్ శుభలేఖ గుర్తు కోసం మాత్రమే, పిలుపు గొంతుతోనే. ఆలుమగలిద్దరూ మాట్లాడాలి. ఆడపిల్లని పిలిచినప్పుడు ఆమె భర్తని విడిగా పిలవాలి. చెల్లెలికి చెప్పాంగా, బావగారికి ఆమే చెబుతుందిలే అనుకోవడం వల్ల ఆగిపోయిన రాకపోకలు తక్కువేం కావు. దగ్గర్లో ఉంటే ఇంటికెళ్ళి బొట్టుపెట్టి పిలవడాన్ని మించింది లేదు. శుభకార్యంలో ఎవరు ఏ పని చేయాలో వాళ్ళకే నోటితో చెప్పాలి, తరతరాలుగా వాళ్ళే చేస్తున్నా సరే.

9. తెలిసినవాళ్ళకి తెలియజేయండి

గొడవ ఎవరెవరికి తెలుసో, సర్దుకుందన్న సంగతీ వాళ్ళకి తెలియాలి. లేకపోతే మోసేవాళ్ళ పని సాగుతూనే ఉంటుంది. ప్రకటనలు అక్కర్లేదు. ఇద్దరూ కలిసి అమ్మకి ఒక వీడియో కాల్ చేస్తే సాయంత్రానికల్లా అందరికీ చేరిపోతుంది.

ఎక్కువమంది చేసే పొరపాట్లు

కుటుంబ గ్రూపులో విషయం ఎత్తడం. నలభైమంది చూస్తుండగా ఎవరూ తగ్గరు. ఎవరో చేతులు జోడించిన బొమ్మ పెడతారు, ఇంకెవరో దేవుడి ఫొటో పెడతారు, ఒక పెద్దాయన గ్రూపులోంచి వెళ్ళిపోతారు.

స్టేటస్‌లో సూక్తులు పెట్టడం. "అయినవాళ్ళే వెన్నుపోటు పొడుస్తారు" అని గులాబీ పువ్వు మీద రాసింది పెడితే, ఎవరికోసం పెట్టారో వాళ్ళు తప్ప మిగతా అందరూ ఫోన్ చేసి ఏమైందని అడుగుతారు.

స్క్రీన్‌షాట్లు తీసుకెళ్ళడం. "చూడు, నువ్వన్న మాట" అని చూపిస్తే మీరు గెలుస్తారు, చుట్టరికం ఓడిపోతుంది.

మాటకి ముందు కానుక పంపడం. ఏమీ మాట్లాడకుండా చీరో స్వీటు పెట్టెనో పంపితే, "డబ్బుతో నోరు మూయిద్దామనుకుంటున్నారు" అని అందులోంచి ఇంకో అపార్థం పుడుతుంది. మాట్లాడాక ఎన్నైనా పంపుకోండి.

పిల్లల చేత ఫోన్ చేయించడం. "అత్తా, నాన్న మాట్లాడతాడట" అని పిల్లాడి చేతికిస్తే అత్త కాదనలేదు. ఆ మొహమాటాన్ని వాడుకున్నారన్న కోపం మాత్రం మిగులుతుంది. పిల్లలకీ పెద్దవాళ్ళ సంగతులు అక్కర్లేని వయసులో తెలుస్తాయి.

పెళ్ళిలో అందరి ముందూ కావలించుకోవడం, కాళ్ళ మీద పడటం. ఫొటోకి బాగుంటుంది. అవతలివాళ్ళు వీడియో కెమెరా ముందు మీకు సహకరించారంతే, మీతో రాజీపడ్డారని కాదు.

అన్నిటికన్నా పెద్ద పొరపాటు, "పర్లేదులే", "నాకేం లేదు", "అదేం లేదు, నువ్వే అలా అనుకుంటున్నావ్" అన్న మాటలు వినగానే ఊపిరి పీల్చుకుని ఫోన్ పెట్టేయడం. మన ఇళ్ళల్లో ఆ మాటలకి "ఇంకా అడుగు" అని కూడా అర్థం ఉంటుంది. ఒక్కసారి మళ్ళీ అడగండి: "లేదులే, ఏదో ఉంది. చెప్పు, నేను వింటాను." రెండోసారీ అదే జవాబొస్తే ఆపేయండి. మూడోసారి అడిగితే అది విచారణ.

సర్దుకుందో లేదో ఎలా తెలుస్తుంది?

వీటిని నమ్మకండి: శుభకార్యానికి వచ్చి అక్షింతలు వేసి వెళ్ళడం, పుట్టినరోజుకి శుభాకాంక్షలు, "అంతా బాగున్నారా" అన్న పలకరింపు. శత్రువులు కూడా మర్యాదకి ఇవన్నీ చేస్తారు.

వీటిని నమ్మండి. పనిలేకుండా ఫోన్ చేయడం. మీతో ఏదో పని చేయించుకోవడం, "ఆ ఆధార్ సెంటర్ పని కాస్త చూడరా" అని. ఇంట్లో ఏదైనా చెడు జరిగితే మీకు ముందు చెప్పడం. వీటన్నిటికన్నా గట్టి గుర్తు, మిమ్మల్ని మళ్ళీ తిట్టడం. "ఇన్నాళ్ళకి గుర్తొచ్చానా" అని దెప్పితే సంతోషించండి. మర్యాదగా మాట్లాడినన్నాళ్ళూ దూరం ఉన్నట్టే. నిష్ఠూరం ఆడుతున్నారంటే మీ మీద మళ్ళీ హక్కు ఉందనుకుంటున్నారు.

రెండు మూడు వారాలైనా ఏమీ తేలకపోతే మీరే ఒక చిన్న సాయం అడిగి చూడండి. వాళ్ళకి బాగా వచ్చిన పని అయి ఉండాలి, డబ్బుతో ముడిపడకూడదు. "ఈసారి ఆవకాయకి కారం ఎక్కడ పట్టించావు? నాకూ రెండు కిలోలు చూస్తావా?" ముక్తసరిగా దుకాణం పేరు చెప్పి పెట్టేస్తే ఇంకా టైము పడుతుంది. "నీకెందుకు, నేను పంపిస్తాలే" అంటే అయిపోయినట్టే.

పని జరగకపోతే

ఫోన్ ఎత్తకపోతే ఉత్తరం రాయండి, నిజంగా కాగితం మీద, ఒక్క పేజీ మించకుండా. 5వ మెట్టులోని మూడు వాక్యాలు, 7వ మెట్టులోని ఒప్పుకోలు, అంతే. జవాబివ్వమని అడగకండి. ఉత్తరానికి నీలం టిక్కు ఉండదు. చదివారో లేదోనని మీరు, చదివానని తెలిసిపోయిందేనని వాళ్ళు నలిగిపోయే పని లేదు.

మధ్యవర్తి కావాలంటే మీకు నచ్చినవాళ్ళని కాదు, అవతలివాళ్ళకి నచ్చినవాళ్ళని అడగండి. తక్కువ మాట్లాడే మనిషై ఉండాలి. ఎవరి భార్య వైపూ, ఎవరి భర్త వైపూ కానివాళ్ళైతే మేలు. "వాళ్ళిద్దర్నీ నేనే కలిపాను" అని ఊరంతా చెప్పుకునే పెద్దమనిషి అసలు వద్దు.

రెండుసార్లు ప్రయత్నించాక మూడోదానికి ఒక పండగ సీజనైనా దాటనివ్వండి. ఈలోగా నంబరు బ్లాక్ చేయకండి, మీ ఇంట్లో శుభకార్యమైతే పిలుపు మానకండి. మంచికి పిలిస్తే వెళ్ళాలి, చెడుకి పిలవకపోయినా వెళ్ళాలి అంటారు. వాళ్ళింట్లో చావు జరిగితే కబురు కోసం చూడకుండా వెళ్ళండి. అక్కడ పాత సంగతి ఎత్తకండి. వాళ్ళు ఎత్తినా "తర్వాత మాట్లాడుకుందాం" అనండి.

ఆస్తి తగాదాగా ముదిరితే కోర్టుకి ముందే జిల్లా న్యాయసేవాధికార సంస్థలో దరఖాస్తు పెట్టి లోక్ అదాలత్‌కి వెళ్ళొచ్చు. కోర్టు ఫీజు ఉండదు. అక్కడ ఇద్దరూ ఒప్పుకున్నాక ఇచ్చే అవార్డుకి, అంటే తీర్పుకి, సివిల్ కోర్టు డిక్రీతో సమానమైన విలువ ఉంటుంది, దానిమీద అప్పీలు లేదు. కాబట్టి ఒప్పుకునే ముందే ఆలోచించుకోవాలి.

అప్పు దగ్గర వచ్చిన అపార్థమైతే

దీనికి పై మెట్లతో పాటు కాగితం పని కూడా ఉంది. అయినవాళ్ళ మధ్య ఎక్కువగా జరిగేది ఇది: అప్పిచ్చిన బావ నోటు తిరగరాసివ్వమంటాడు. తీసుకున్న బావమరిది "నన్ను నమ్మట్లేదా" అని ముఖం మాడ్చుకుంటాడు. నమ్మకం సంగతి ఇందులో లేదు. ప్రామిసరీ నోటు రాసిన తేదీనుంచి మూడేళ్ళు దాటితే దానిమీద దావా వేసే హక్కు కాలదోషం పట్టిపోతుంది. అందుకే గడువు లోపల కొత్త నోటు రాయించుకోవడమో, ఎంతో కొంత కట్టించుకుని నోటు వెనక చెల్లు రాయించి సంతకం పెట్టించుకోవడమో చేస్తారు.

ఇచ్చినవాళ్ళు ఈ సంగతి అప్పిచ్చే రోజే చెప్పాలి, మూడో ఏడు ఆఖరి నెలలో హడావిడిగా కాదు. "మూడేళ్ళకోసారి తిరగరాసుకుందాం, మా నాన్నతోనైనా ఇంతే" అంటే సరిపోతుంది. తీసుకున్నవాళ్ళు అడిగించుకోకుండా తామే గుర్తుచేస్తే ఇంకా మంచిది. డబ్బు బ్యాంకు ద్వారానో ఫోన్‌పే లాంటివాటి ద్వారానో పంపేటప్పుడు గమనిక గడిలో "అప్పు" అనో "అప్పు చెల్లింపు" అనో రాయండి. అది రాయకపోతే రెండేళ్ళ తర్వాత ఒకరికి అది అప్పుగా, ఇంకొకరికి పెళ్ళి చదివింపుగా గుర్తుంటుంది.